వారసత్వ పొలం తగాదా: హక్కు, స్వాధీనం రెండూ రుజువు చేసుకోవడం ఎలా?

“పాస్‌బుక్ మా నాన్న పేరు మీదే ఉంది. ఆన్‌లైన్‌లో చూసినా ఆయన పేరే వస్తోంది. మరి మా పెదనాన్న కొడుకులు కేసు ఎలా వేస్తారు?” ఈ ప్రశ్న నన్ను అడగని నెల లేదు. మనుషులు మారతారు, మండలం మారుతుంది, ప్రశ్న మాత్రం ఇదే. ప్రతిసారీ ఫోన్లో గంటసేపు చెప్పే బదులు ఒకచోట రాసి పెడుతున్నాను.

నేను వకీలును కాను. మా తాత పొలం మీద వచ్చిన దావాలో తొమ్మిదేళ్లు కోర్టు మెట్లు ఎక్కి దిగినవాణ్ణి. మంచి వకీలు దొరికినా కాగితాలు తెచ్చి ఇవ్వాల్సింది మనమే. ఆ తెచ్చే పని ఎలా చేయాలో, ఎక్కడ తప్పు జరుగుతుందో ఇక్కడ చెబుతాను. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండింటికీ పనికొచ్చేలా రాశాను. తేడా ఉన్నచోట విడిగా చెప్పాను.

సిద్ధాంతం ఒక్క ముక్కే. పొలం ఎవరిదన్నది హక్కు. పొలంలో ఎవరున్నారన్నది స్వాధీనం. రెండింటికీ రుజువులు వేరు. అడంగల్ (ఆంధ్రలో ఏటా పంట, సాగుదారు వివరం రాసేది), పహాణీ (తెలంగాణలో అలాంటిదే), 1బి (ఎవరి పేరున ఎంత భూమి ఉందో చూపేది), పాస్‌బుక్ ఇవన్నీ ప్రధానంగా శిస్తు వసూలు కోసం, సాగు లెక్కల కోసం పుట్టిన రికార్డులు. వాటిలో పేరు ఎక్కినంత మాత్రాన హక్కు పుట్టదని, పేరు లేనంత మాత్రాన హక్కు పోదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. అలాగని అవి పనికిరానివి కావు. మూల దస్తావేజులు లేని పాత కుటుంబాలకు దశాబ్దాల తరబడి వరసగా ఉన్న రెవెన్యూ ఎంట్రీలే పెద్ద ఆసరా. ఒక్క పాస్‌బుక్ పట్టుకుని కోర్టుకు పోవద్దనే నా మాట.

కావలసినవి

- తాత, ముత్తాత, నాన్న, మధ్యలో పోయిన వారసులందరి మరణ ధ్రువపత్రాలు
- తహశీల్దారు ఆఫీసు ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం
- సర్వే నంబరు, సబ్‌డివిజన్, విస్తీర్ణం, నాలుగు హద్దులు రాసిన ఒక కాగితం
- ఆంధ్రలో అయితే ఆర్‌ఎస్‌ఆర్ (పాత రీసెటిల్‌మెంట్ రిజిస్టరు, భూముల మూల రికార్డు), ఎఫ్‌ఎంబీ (సర్వే నంబరు కొలతల పటం), పాత నంబర్ 3 అడంగల్, 10(1) అకౌంట్ (పట్టాదారుల ఖాతా), 1బి. ఊళ్లో రీసర్వే జరిగి ఉంటే కొత్త ఎల్‌పీఎం (ల్యాండ్ పార్సెల్ మ్యాప్) నంబరు కూడా
- తెలంగాణలో అయితే సేత్వారు (మొదటి సర్వే నాటి మూల రికార్డు), 1954-55 ఖాస్రా పహాణీ, 1955-58 చేసాల (మూడేళ్ల) పహాణీ, ఆ తర్వాతి పహాణీలు, 1బి, టిప్పన్ (సర్వే నంబరు కొలతల పటం)
- దొరికినంత పాత తేదీ నుంచి ఈసీ (భూమి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్)
- ఇంట్లో ఉన్న ప్రతి పాత కాగితం: శిస్తు రసీదు, సొసైటీ అప్పు కాగితం, మోటారు కరెంటు బిల్లు, కౌలు కాగితం, చివరికి పెళ్లిపత్రిక కూడా. పెళ్లిపత్రిక ఎందుకో రెండో మెట్టులో చెబుతాను

ఒక హెచ్చరిక. పాత కాగితాలను లామినేషన్ చేయించకండి. సంతకం, వేలిముద్ర, స్టాంపు మీద రేపు నిపుణుడి పరీక్ష అవసరమైతే ప్లాస్టిక్ కింద చూడటం కుదరదు. విడి కవర్లో పెట్టి, ఫొటో తీసి, అసలును ఇంట్లోనే ఉంచండి. వకీలుకు కూడా మొదట నకలే ఇవ్వండి. అసలు కోర్టులో దాఖలు చేసే రోజున ఇస్తే చాలు.

1. పొలం ఇంటికి ఎలా వచ్చిందో తేల్చుకోండి

అన్నిటికంటే ముందు చేయాల్సింది ఇదే. ఎక్కువమంది వదిలేసేదీ ఇదే. తాత తన సంపాదనతో కొన్నాడా? ఆయనకు తన తండ్రి నుంచి వచ్చిందా? ప్రభుత్వం డి-పట్టా ఇచ్చిందా? పాత రోజుల్లో సేవకో గుడికో ఇచ్చిన ఇనాం భూమా? కౌలు చట్టం రక్షణ ఉన్న రక్షిత కౌలుదారుగా వచ్చిందా? సాదా కాగితం మీద కొన్నదా? సమాధానాన్ని బట్టి వారసుల భాగాలు మారిపోతాయి.

“తాత ఆస్తి కాబట్టి మనవడికి పుట్టుకతో హక్కు” అన్న మాట ఊళ్లల్లో బాగా నాటుకుపోయింది. హిందూ కుటుంబాల్లో తాత స్వార్జితం, ఆయన 1956 వారసత్వ చట్టం తర్వాత వీలునామా రాయకుండా పోయి ఉంటే, అది ఆయన భార్య, తల్లి, కొడుకులు, కూతుళ్లకు సమానంగా వెళ్తుంది. కొడుకు చేతికి వచ్చిన ఆ భాగంలో మనవడికి పుట్టుకతో హక్కు ఉండదు. ఉమ్మడి పిత్రార్జితమైతే లెక్క వేరు. ముస్లిం, క్రైస్తవ కుటుంబాలకు వారసత్వ నియమాలే వేరు, పక్కింటివాళ్ల లెక్క మీకు పనికిరాదు.

ఆడపిల్లల సంగతి ఇక్కడే తేల్చుకోవాలి. ఉమ్మడి రాష్ట్రంలో 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్లికాని కూతుళ్లకు పిత్రార్జితంలో కొడుకులతో సమాన హక్కు వచ్చింది. దేశమంతా 2005 సెప్టెంబరు 9 నుంచి పెళ్లయిన వాళ్లకు కూడా వచ్చింది. 2005 నాటికి తండ్రి బతికి ఉండాల్సిన పని లేదని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తేల్చింది. 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టరు పంపకం గానీ కోర్టు డిక్రీ గానీ అయిపోయి ఉంటే దాన్ని తిరగదోడలేరు. “అప్పుడే నోటిమాటగా పంచుకున్నాం” అన్న వాదనకు మాత్రం గట్టి ప్రభుత్వ రికార్డు తోడుండాలి.

ప్రభుత్వం ఇచ్చిన అసైన్డ్ భూమి వారసులకు వస్తుంది గానీ, అమ్మకం మీద 1977 చట్టం ఆంక్షలు ఉంటాయి. కొంతకాలం దాటినవాటికి ఆంధ్రలో తర్వాత సవరణ వచ్చింది. మీ సర్వే నంబరు 22-ఎ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితా) ఉందో లేదో ఇప్పుడే చూసుకోండి. ఆంధ్రలో ఆర్‌ఎస్‌ఆర్‌లో పట్టాదారు పేరుండాల్సిన చోట చుక్కలు ఉంటే అది చుక్కల భూమి. దానికి 2017లో వచ్చిన చట్టం ప్రకారం వేరే దారి ఉంది. ఆ పని తేలకుండా అన్నదమ్ముల మీద దావా వేస్తే రెండు కేసులు మోయాల్సి వస్తుంది.

2. వంశవృక్షం రాయండి, ఎవరినీ వదలకుండా

పొలం మొదటి పట్టాదారు నుంచి ఇవాళ బతికున్న చివరి వారసుడి దాకా రాయండి. రెండో భార్య, ఆమె పిల్లలు, దత్తత వెళ్లినవాళ్లు, చిన్నప్పుడే పెళ్లయి దూరం వెళ్లిన మేనత్తలు, వాళ్లు పోయి ఉంటే వాళ్ల పిల్లలు, అందరూ ఉండాలి. భాగ పంపిణీ దావాలో ఒక్క వారసుణ్ణి వదిలినా దావా నిలవదు. ఎదుటి వకీలు మొదట వెతికేది ఆ ఖాళీనే.

పేర్ల తేడా ఇక్కడ పెద్ద చిక్కు. ఒక పహాణీలో వెంకయ్య, ఇంకోదాంట్లో వెంకట నర్సయ్య, ఓటరు జాబితాలో నరసయ్య. ముగ్గురూ ఒకరే అని మనకు తెలుసు, కోర్టుకు తెలియదు. ఇంటిపేరు, తండ్రి పేరు రెండూ కలిపి ఉన్న ఏ పాత కాగితమైనా అప్పుడు అక్కరకొస్తుంది. పెళ్లిపత్రికను దాచమన్నది అందుకే. బడి రికార్డు, పాత ఓటరు జాబితా, రేషన్ కార్డు, పింఛను కాగితం కూడా పనికొస్తాయి.

మరణం అప్పట్లో నమోదు కాకపోతే ఆలస్యపు నమోదుకు ఆర్డీవో దగ్గర దరఖాస్తు పెట్టాలి. దీనికి నెలలు పడుతుంది, కాబట్టి ముందే మొదలుపెట్టండి. తహశీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల పత్రం మొదటి మెట్టు మాత్రమే. వారసత్వమే తగాదా అయితే దాన్ని కోర్టులో సాక్ష్యంతో నిలబెట్టుకోవాలి.

3. రెవెన్యూ రికార్డు పాత నుంచి కొత్తకు తీయండి

చాలామంది ఇవాళ్టి ప్రింటవుట్‌తో మొదలుపెడతారు. తిరగేసి చేయండి. తెలంగాణలో ఖాస్రా పహాణీ దగ్గర, ఆంధ్రలో ఆర్‌ఎస్‌ఆర్ దగ్గర మొదలుపెట్టి కిందికి రండి. ఆంధ్ర మీభూమి, తెలంగాణ భూభారతి పోర్టళ్లలో కనిపించేది ఇటీవలి కాలందే. పాతవాటికి తహశీల్దారు ఆఫీసులో ధ్రువీకృత నకలుకు దరఖాస్తు పెట్టండి. సేత్వారు, టిప్పన్, ఎఫ్‌ఎంబీ అక్కడ లేకపోతే జిల్లా సర్వే, ల్యాండ్ రికార్డ్స్ ఆఫీసులో అడగండి.

దరఖాస్తులో “పహాణీలు ఇవ్వండి” అని రాస్తే ఏమీ రాదు. ఊరు, సర్వే నంబరు, ఏ సంవత్సరం నుంచి ఏ సంవత్సరం దాకా కావాలో రాయండి. రసీదు తీసుకోండి. ఇవ్వకపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి, 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి.

“రికార్డు లేదు, చెదలు తినేసింది” అంటే బాధపడి వెనక్కి రాకండి. ఆ మాటనే రాతపూర్వకంగా ఎండార్స్‌మెంట్ ఇమ్మని అడగండి. అసలు రికార్డు లేదని ఆఫీసే రాసిస్తే, మీ దగ్గరున్న పాత నకలును కోర్టులో ద్వితీయ సాక్ష్యంగా పెట్టుకునే దారి తెరుచుకుంటుంది. ఆ ఒక్క ముక్క కాగితం కోసం నేను నాలుగుసార్లు తిరిగాను, తిరిగిన ప్రతిసారీ విలువైనదే అయింది.

4. రిజిస్ట్రేషన్ వైపు చూడండి

ఈసీ ఆన్‌లైన్‌లో సాధారణంగా 1983 నుంచే దొరుకుతుంది. అంతకుముందుది సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో చేతిరాత పుస్తకాల నుంచి తీయించాలి. తెలంగాణలో 2020 చివరి నుంచి వ్యవసాయ భూముల రిజిస్ట్రేషన్లు తహశీల్దారు ఆఫీసులకు మారాయి. అందుకే అక్కడ రెండు ఈసీలు తీయాలి: పాతది రిజిస్ట్రేషన్ శాఖ నుంచి, తర్వాతది భూభారతి పోర్టల్ నుంచి. ఒక్కటే తీసి “ఏ లావాదేవీ లేదు” అని ధైర్యపడినవాళ్లను చూశాను.

ఈసీలో కనిపించిన ప్రతి దస్తావేజు నంబరుకూ ధ్రువీకృత నకలు తీయండి. ఎవరైనా మీ భాగాన్ని కలిపి అమ్మేసి ఉంటే ఇక్కడే బయటపడుతుంది. అలా కొన్నవాళ్లను కూడా దావాలో పార్టీలుగా చేర్చాలి.

ఈసీ ఖాళీగా ఉంటే లావాదేవీ లేనట్టు కాదు, రిజిస్టరైన లావాదేవీ లేనట్టు. వీలునామాలు, నోటి పంపకాలు, సాదాబైనామాలు (సాదా కాగితం మీద రాసుకున్న అమ్మకాలు) అందులో కనిపించవు.

5. ఏళ్ల పట్టిక వేయండి

ఈ వ్యాసం మొత్తంలో ఒక్కటే చేస్తానంటే ఇది చేయండి. పెద్ద కాగితం మీద ఒక్కో ఏడాదికి ఒక్కో వరస గీయండి. సంవత్సరం, పట్టాదారు, అనుభవదారు (పొలంలో ఉన్నవాడు), విస్తీర్ణం, ఏ కాగితం, ఏం తేడా అని ఆరు గళ్లు.

మా పొలం పట్టిక ఇలా ఉండేది:

1954-55: పట్టా ముత్తాత, అనుభవం ముత్తాత, 5 ఎకరాల 30 గుంటలు, ఖాస్రా పహాణీ.
1968-69: పట్టా తాత, అనుభవం తాత, 5-30, పహాణీ. ముత్తాత మరణం తర్వాత పేరు మారిన ఫైలు దొరకలేదు.
1979-80 నుంచి 1983-84: పట్టా తాత, అనుభవం గడిలో తాత తమ్ముడు.
1984-85: పట్టా తాత, అనుభవం గడిలో “సదరు” అని మాత్రమే.

ఎదుటివాళ్ల కేసంతా ఆ ఐదేళ్ల మీదే నిలబడింది. ఆ రోజుల్లో తాతకు జబ్బు చేసి చిన్నతాత అరక కట్టాడని ఇంట్లో అందరికీ తెలుసు. కానీ తెలియడం వేరు, చూపించడం వేరు. ఇంక “సదరు” అన్న మాట ఎవరికి వర్తిస్తుంది? పై గడిలో ఉన్న తాతకా, పై ఏడాది ఉన్న చిన్నతాతకా? ఆ ఒక్క మాట మీద రెండు వాయిదాలు వాదన జరిగింది. చివరికి నానమ్మ ట్రంకుపెట్టె అడుగున, చీర మడతల కింద, సహకార సంఘం పంట అప్పు రసీదులు మూడు దొరికాయి. 1980, 81, 83 సంవత్సరాలవి. ఈ సర్వే నంబరు మీద, తాత పేరున తీసుకున్నవి. పట్టికలో ఆ ఐదేళ్లకు మా వైపు కాగితం లేదని ముందే కనపడింది కాబట్టే మేం వెతికాం. పట్టిక లేకపోతే ఆ రసీదులను చెత్తలో వేసేవాళ్లం.

మీ పట్టికలో ఖాళీ గళ్లకు ఎర్ర గీత పెట్టండి. ప్రతి ఎర్ర గీతకూ ఒక కారణం, ఒక కాగితం, లేదా ఒక సాక్షి ఉండాలి. మీకు కనపడని ఖాళీ ఎదుటివాళ్లకు కనపడుతుంది.

విస్తీర్ణం గడిని రెండుసార్లు చూడండి. తెలంగాణలో ఎకరానికి 40 గుంటలు, ఆంధ్రలో ఎకరానికి 100 సెంట్లు. 5-30 అంటే తెలంగాణ పహాణీలో 5 ఎకరాల 30 గుంటలు, అంటే 5.75 ఎకరాలు. దాన్ని 5.30 ఎకరాలుగా దావాలో రాస్తే 18 గుంటలు గాలికి పోతాయి. మా ప్రత్యర్థుల దావాలో సరిగ్గా ఇదే తప్పు దొర్లింది.

6. స్వాధీనం రుజువులు పోగుచేయండి

హక్కు కాగితాలు బీరువాలో ఉంటాయి. స్వాధీనం కాగితాలు ఊరంతా చెదిరి ఉంటాయి. ఇవి వెతకండి:

- శిస్తు, నీటితీరువా రసీదులు. 1984లో కరణం, మునసబు వ్యవస్థ రద్దయ్యేదాకా వాళ్లు ఇచ్చినవి, ఆ తర్వాత గ్రామాధికారులు ఇచ్చినవి
- వ్యవసాయ కరెంటు కనెక్షన్ సర్వీసు నంబరు ఎవరి పేరున, ఎప్పటి నుంచి ఉందో
- సొసైటీ, బ్యాంకు పంట రుణాలు. అర్జీలో సర్వే నంబరు రాసి ఉండాలి
- ఆంధ్రలో ఈ-పంట నమోదు, తెలంగాణలో రైతుబంధు జమ అయిన ఖాతా వివరం
- ధాన్యం కొనుగోలు కేంద్రం, మార్కెట్ యార్డు తక్‌పట్టీలు (తూకం, ధర రాసిన చీటీలు)
- పంట నష్టపరిహారం, బీమా జాబితాలో పేరు

రైతుబంధు పట్టాదారుకు ఇచ్చింది, సాగుదారు ఎవరో చూసి కాదు. అందుకే అది ఒక్కటే స్వాధీనానికి రుజువుగా నిలవదు, మిగతావాటికి తోడు మాత్రమే. పొలం కౌలుకు ఇచ్చి ఉంటే భయపడనక్కర్లేదు. కౌలుదారు మీ తరఫున సాగు చేస్తున్నట్టే. కానీ కౌలు కాగితం రాసుకోండి, డబ్బు బ్యాంకు ద్వారా తీసుకోండి. ఆంధ్రలో కౌలు రైతుకు ఇచ్చే సాగు హక్కు కార్డు భూమి మీద హక్కు ఇవ్వదని ఆ చట్టమే చెబుతోంది. ఆ భయంతో కౌలుదారుకు సంతకం పెట్టకుండా వేధించడం అన్యాయం, మీకే నష్టం కూడా. రేపు మీ సాక్షి ఆయనే.

ఫోన్లో తీసిన ఫొటోలు, వీడియోలు పెట్టాలంటే 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ కింద ధ్రువపత్రం జతచేయాలి. తీసిన ఫోను అమ్మేయకండి. ఫొటోలో పొలం ఒక్కటే కాదు, గుర్తుపట్టగల బావి, చెట్టు, కరెంటు స్తంభం, పక్క గట్టు కూడా పడేలా తీయండి. ఉత్త వరిచేను ఫొటో ఏ ఊరిదైనా కావచ్చు.

సాక్షులుగా చుట్టాలకంటే గట్టు పక్క రైతులు బలం. మీ హద్దుల్లో ఎవరి పొలం ఉందో వాళ్లలో ఇద్దరు, పాత కాలం తెలిసిన ఒక పెద్దాయన చాలు. ఏం చెప్పాలో బట్టీ పట్టించకండి. అడ్డు ప్రశ్నల్లో మొదట విరిగేది బట్టీ సాక్ష్యమే.

7. పొలాన్ని కొలిపించండి

కాగితంలో ఉన్న పొలం, నేల మీద ఉన్న పొలం ఒకటేనని చూపాలి. మీసేవలో గానీ, ఆంధ్రలో గ్రామ సచివాలయంలో గానీ హద్దుల కొలతకు అర్జీ పెట్టండి. ఆంధ్రలో దీన్ని ఎఫ్-లైన్ పిటిషన్ అంటారు. పక్క రైతులకు నోటీసు వెళ్లిందో లేదో అడగండి. నోటీసు లేని కొలత తర్వాత చెల్లకుండా పోతుంది. సర్వేయరు వచ్చిన రోజు పంచనామా నకలు, స్కెచ్ తీసుకోండి.

దావా మొదలయ్యాక అయితే కోర్టును అడ్వకేట్ కమిషనర్‌ను వేయమని అడగవచ్చు. ఒక జాగ్రత్త: కమిషనర్ హద్దులు, నేల తీరు చూసి చెబుతారు. స్వాధీనం ఎవరిదో తేల్చే సాక్ష్యం మాత్రం మనమే ఇచ్చుకోవాలి.

ఆంధ్రలో రీసర్వే అయిన ఊళ్లలో పాత సర్వే నంబరు, కొత్త ఎల్‌పీఎం నంబరు రెండూ దావా షెడ్యూలులో రాయండి. విస్తీర్ణం తగ్గినా, ఎల్‌పీఎం ఇతరులతో కలిపి జాయింటుగా పడినా ఆలస్యం చేయకుండా రాతపూర్వక అభ్యంతరం పెట్టండి.

8. పంపకం కాగితాన్ని వకీలుకు చూపే ముందు మీరే చదవండి

పెద్దమనుషుల ముందు తెల్లకాగితం మీద రాసుకున్న పంపకాలు దాదాపు ప్రతి ఇంట్లో ఉంటాయి. చూడాల్సింది ఒక్కటే: “ఇంతకుముందే పంచుకున్నాం, గుర్తుకోసం రాసుకుంటున్నాం” అని ఉందా, “ఈ కాగితం ద్వారా పంచుకుంటున్నాం” అని ఉందా? మొదటిదానికి రిజిస్ట్రేషన్ అక్కర్లేదు. రెండోది రిజిస్టరు కాకపోతే పంపకం నిబంధనలు రుజువు చేయడానికి పనికిరాదు. స్టాంపు సుంకం, పెనాల్టీ కట్టాక, ఎవరు ఎక్కడ సాగు చేస్తున్నారన్న పక్క విషయానికి మాత్రం చూడమని కోర్టును అడగవచ్చు.

ఆ కాగితం మీద ఇవాళ ఒక్క అక్షరం కూడా దిద్దకండి. కొత్త స్టాంపు కాగితం మీద పాత తేదీ వేసి రాయించమని సలహా ఇచ్చేవాళ్లు తగులుతారు. స్టాంపు వెనక అమ్మిన తేదీ ఉంటుంది. అది నేరం, పట్టుబడితే నిజమైన కాగితాలకు కూడా విలువ పోతుంది.

30 ఏళ్లు దాటిన దస్తావేజు సరైన చోటు నుంచి వస్తే సంతకాలు నిజమేనని కోర్టు అనుకోవచ్చు. అందుకే అది ఇన్నేళ్లూ ఎవరి దగ్గర, ఎక్కడ ఉందో చెప్పగలగాలి. వీలునామాకు ఈ సౌకర్యం లేదు. అది ఎంత పాతదైనా బతికున్న సాక్షి ఒకరైనా కోర్టుకు రావాలి. ఇద్దరు సాక్షులూ పోయి ఉంటే వాళ్ల చేతిరాత గుర్తుపట్టేవాళ్లను తీసుకురావాలి.

9. మీ పరిస్థితికి ఏ దావా సరిపోతుందో చూడండి

తప్పు దావా వేసి ఐదేళ్లు పోగొట్టుకున్నవాళ్లు ఎక్కువ. 2008లో వరంగల్ స్థలాల కేసులో సుప్రీంకోర్టు దీన్ని విడమరిచి చెప్పింది.

పొలం మీ స్వాధీనంలో ఉండి, హక్కు మీద పెద్ద అనుమానం లేకపోతే ఉత్త ఇంజంక్షన్ (పొలం జోలికి రావద్దన్న కోర్టు ఆదేశం) చాలు. స్వాధీనం మీదే ఉన్నా ఎదుటివాళ్లు హక్కు తమదని గట్టి కాగితం చూపుతుంటే హక్కు ప్రకటన, ఇంజంక్షన్ రెండూ అడగాలి. స్వాధీనం పోయి ఉంటే హక్కు ప్రకటనతో పాటు స్వాధీనం ఇప్పించమని అడగాలి. పొలం ఇంకా పంచుకోకపోతే భాగ పంపిణీ, విడి స్వాధీనం దావా.

ఇంటివాళ్ల మధ్య మరో మాట గుర్తుంచుకోండి. అన్న ఒక్కడే సాగు చేస్తున్నా, పంచుకోనంతవరకు అది చట్టం దృష్టిలో అందరి స్వాధీనమే. “పన్నెండేళ్లు దున్నాను, ఇక నాదే” అంటే చెల్లదు. మిగతావాళ్ల హక్కును బాహాటంగా కాదని, వాళ్లకు తెలిసేలా వెళ్లగొట్టి ఉండాలి. కానీ అలా వెళ్లగొట్టిన సంగతి మీకు తెలిసిన రోజు నుంచి పన్నెండేళ్ల గడువు నడుస్తుంది. కాబట్టి “వాడు భాగం లేదన్నాడు” అన్న రోజు తేదీ రాసి పెట్టుకోండి, ఊరికే కూర్చోకండి. హక్కు ప్రకటనకు గడువు మూడేళ్లే.

బలవంతంగా మిమ్మల్ని పొలం నుంచి తోసేస్తే ఆరు నెలల్లోపు స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద దావా వేయవచ్చు. అందులో హక్కు ఎవరిదన్న చర్చే రాదు, స్వాధీనంలో ఉన్నారా, తోసేశారా అన్నదే చూస్తారు. ప్రభుత్వం మీద మాత్రం ఇది కుదరదు. పోలీసులకు ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. హక్కు తేల్చేది వాళ్లు కాదు, కానీ ఆ రోజు గొడవ జరిగిందనడానికి తేదీతో సహా అదొక కాగితం.

భాగ పంపిణీ దావాలో ఉమ్మడి స్వాధీనంలో ఉన్నట్టు రాస్తే కోర్టు ఫీజు స్వల్పం. వెళ్లగొట్టారని రాస్తే మీ భాగం విలువ మీద కట్టాలి. ఫీజు తగ్గుతుందని నిజం కానిది రాయించకండి. రేపు సాక్ష్యం బోనులో మీ మాటే మీకు అడ్డొస్తుంది.

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. 15100కు ఫోన్ చేయండి, లేదా మండల కోర్టు ఆవరణలోని కమిటీలో అడగండి. అత్తవారింటి నుంచి వచ్చి సొంత అన్నదమ్ముల మీద కేసు వేయాల్సి వచ్చిన అక్కచెల్లెళ్లు చాలామందికి ఈ సంగతే తెలియదు.

10. దాఖలుకు ముందు ఈ ఐదూ సరిచూడండి

- షెడ్యూలులో ఉమ్మడి ఆస్తులన్నీ ఉన్నాయా? ఇల్లు వదిలేసి పొలం ఒక్కటే పెడితే పాక్షిక పంపిణీ అన్న అభ్యంతరం వస్తుంది.
- నాలుగు హద్దులు దస్తావేజుతో, స్కెచ్‌తో, నేలతో సరిపోతున్నాయా? పక్క పొలం చేతులు మారితే పాత పేరు, కొత్త పేరు రెండూ రాయండి.
- వారసులందరూ పార్టీలేనా?
- పాస్‌బుక్ మార్పు మీద తహశీల్దారు ఉత్తర్వు వచ్చి ఉంటే అప్పీలు గడువు చూశారా? అప్పీలు ఆర్డీవో దగ్గర. రెవెన్యూ అప్పీలు నడుస్తోందని సివిల్ దావా గడువు ఆగదు.
- ఎదుటివాళ్లు ముందే కోర్టుకు వెళ్తారన్న అనుమానం ఉంటే కేవియట్ (మా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దని ముందే పెట్టే అర్జీ) వేశారా? అది 90 రోజులే పనిచేస్తుంది, తర్వాత మళ్లీ వేయాలి.

దావా వేసేవాడు తన కాగితాల బలం మీదే గెలవాలి. ఎదుటివాడి దగ్గర ఏమీ లేదని చూపితే చాలదు. మీ వకీలుతో కూర్చుని, “ఎదుటివాళ్లు కోర్టుకే రాకపోయినా మన కాగితాలతో డిక్రీ వస్తుందా?” అని సూటిగా అడగండి. ఆయన తడుముకున్న చోటే మీరు ఇంకా తెచ్చుకోవాల్సిన కాగితం ఉంది.

11. తీర్పు వచ్చాక

భాగ పంపిణీలో మొదట వచ్చేది ప్రాథమిక డిక్రీ. అందులో ఎవరికి ఎన్నో వంతు అన్నది మాత్రమే ఉంటుంది. ఆ రోజు మిఠాయిలు పంచి ఇంటికొచ్చి, తుది డిక్రీకి దరఖాస్తే పెట్టకుండా ఏళ్లు గడిపినవాళ్లున్నారు. కమిషనర్ వచ్చి హద్దులతో విడదీశాక, స్టాంపు కాగితం మీద తుది డిక్రీ వచ్చాకే మీ ముక్క మీది. అమలుకు పన్నెండేళ్ల గడువుంది, అది చాలా దూరం అనుకోకండి.

డిక్రీ ధ్రువీకృత నకలుతో తహశీల్దారు దగ్గర పేరు మార్పుకు దరఖాస్తు పెట్టండి. మూడు నెలల తర్వాత 1బి, అడంగల్ లేదా పహాణీ కొత్తగా తీసి, పేరు, విస్తీర్ణం, సబ్‌డివిజన్ మూడూ డిక్రీతో అక్షరం అక్షరం పోల్చండి. ఈసీ కూడా తీయండి, దావా నడుస్తుండగా ఎవరైనా అమ్మి ఉంటే అందులో తెలుస్తుంది. అలాంటి అమ్మకం డిక్రీకి లోబడే ఉంటుంది. హద్దురాళ్లు పాతించి, ఒక్కో రాయి దగ్గర నిలబడి ఫొటో తీయించుకోండి. ఆ ఏడాది శిస్తు రసీదు గానీ, ఈ-పంట నమోదు గానీ, అదే సంచిలో పెట్టండి.